మేకలు మేసిన పొద

"ఒక్క గుండు పేల్చడానికి ఇంత సామానా? నన్ను కాపురానికి తెచ్చుకున్ననాడు కూడా నువ్వింత మొయ్యలేదు కదయ్యా," అని జెరోటిచ్ ఒకసారి మొగుణ్ణి అడిగింది. కెన్యా సైన్యంలో నక్కి గురిచూసి కాల్చడం నేర్చుకుంటున్న సార్జెంటు బర్మసాయి నొచ్చుకోలేదు. తుపాకి దుర్భిణి మెరవకుండా దానికి ఆవిడ పాత మేజోడే తొడుగుతూ కూర్చున్నాడు. మోచేతులకు తోలుముక్కలు, తుపాకి మడమ కింద బీన్సు గింజల సంచి, ఒంటేలుకు సీసా, అన్నిటినీ మించి వేసుకుంటే పొదలా కనబడేలా నారతో తానే కుట్టుకున్న అంగీ. వీటిలో ఏది తక్కువైనా అతనికి నిద్రపట్టదు.

ఇసియోలో అనే ఊరి దగ్గర ఆఖరి పరీక్ష: పెట్టిన గడువుదాకా దొరక్కుండా నక్కి ఉండాలి. వెతికే అధికారి కంటబడితే గురికాడి బిళ్ల దక్కదు, మళ్లీ వంటశాల కాపలాయే గతి. బర్మసాయి అక్కడి తుమ్మరెమ్మలే అంగీనిండా గుచ్చుకుని పడుకున్నాడు. తుమ్మాకంటే మేకలకు ప్రాణమన్న సంగతి, మేకలు కాసి పెరిగినవాడే మరిచాడు. మంద వచ్చి అతన్ని మేయసాగింది. మేకల ముసలమ్మ పొదను కర్రతో పొడిచి, "ఎవడ్రా నువ్వు?" అంది.

"పొదనమ్మా. వెళ్లిపో," అన్నాడు గుసగుసగా.

"పొదవైతే నోరు మూసుకుని పడుండు, మేకలు బెదురుతాయి," అంటూ ఆవిడ అక్కడే చతికిలబడింది.

మేకలు మేసే పొదను అధికారి అనుమానించలేదు. అంగీ పూర్తిగా బోడయ్యేలోపే గడువు ముగిసి, బిళ్ల దక్కింది. నార మింగి కడుపుబ్బిన మేకకు మందుకని ముసలమ్మ అడిగిన మూడొందల షిల్లింగులు మాత్రం అతనింకా ఇవ్వలేదు.