పరకపిల్లల బస్సు ప్రయాణం

ఆ రోజుల్లో అంటే ఏదో పాతకాలం కాదు, ఆడవాళ్లకు బస్సు టికెట్ ఫ్రీ అయిన కొత్తలో. నేను వరంగల్‌లో ఎమ్మెస్సీ జువాలజీ చదువుతూ, చేపల గురించి నాకు తెలియనిది లేదనుకుంటున్న రోజులు. ప్రాజెక్టుకు వాగు పరకలు తెమ్మన్నారు మా సార్ (బతికున్నవే కావాలన్నారని నేననుకున్నాను). పరకంటే వేలెడంత వెండి చేప. నర్సంపేట దగ్గర మేనమామతో కలిసి వాగులో దిగి, మోకాళ్లు గీసుకుపోయేదాకా పట్టి, నీళ్లు నింపిన ప్లాస్టిక్ కవర్లో వేసుకుని బస్సెక్కాను.

కండక్టరమ్మ కవర్ వైపు చూసి, "నీకంటే ఫ్రీ. గిండ్ల మొగ చాపలెన్ని? వాటికి టికెట్ కొట్టాలె గదా" అంది. బస్సంతా నవ్వింది. నేను మాత్రం గంభీరంగా, "ఇంత చిన్నగున్నప్పుడు తెల్వదక్కా, కోసి చూడాలె" అని వివరించాను. (ముందు సీటు పెద్దమ్మ నన్ను అదోలా చూసింది.) ఇంతలో పక్కసీటు తాత సంచిలోంచి కోడిపుంజు తల బయటపెట్టి, కవర్లో మెరుస్తున్నవాటిని టక్కున పొడిచింది. నీళ్లన్నీ నా ఒళ్లోకి, పరకలు కవర్ అడుక్కి. "అయ్యో, నా ప్రాజెక్టు!" అని కేక పెట్టాను. "ఏడ్వకు బిడ్డా, ఆగు" అంటూ పెద్దమ్మ తన టిఫిన్ డబ్బాలోని పెరుగన్నం గబగబా మింగేసి, ఖాళీ డబ్బా అందించింది. ఎవరో నీళ్ల బాటిల్ ఇవ్వబోతే, "ఫిల్టర్ నీళ్లు పడవు!" అన్నాను. కండక్టరమ్మ తల కొట్టుకుని, "అన్నా, జర ఆ బోరు మోటర్ కాడ ఆపు. చాపల కోసం ఆపినమంటే డిపోల ఏమంటరో" అంది. తాత పుంజును చంకలో పెట్టుకునే దిగి, డబ్బా కడిగి నింపుకొచ్చాడు. పరకల్ని అందులో వేశాం. ఒకటి కదల్లేదు. బస్సంతా ఊపిరి బిగబట్టింది. అది తోక ఆడించగానే డ్రైవర్ హారన్ కొట్టాడు.

డిపార్ట్‌మెంట్‌లో సార్ మూత తీసి చూసి, "వెరీ గుడ్. ఫార్మలిన్‌లో వేసెయ్" అన్నారు.

"సార్, బతికే ఉన్నయి సార్!"

"అందుకే వేసెయ్యమంటున్న. కదిలితే కొలతలెట్ల తీస్తవ్?"

చచ్చినవాటిని కుళ్లకుండా ఉంచే ఆ మందులో బతికున్నవాటిని వేయడానికి నాకు చేతులు రాలేదు. రేపు వేస్తానని చెప్పి హాస్టల్‌కు తీసుకుపోయాను. తెల్లారి అదే డబ్బాతో నర్సంపేట బస్సెక్కితే, ఎదురుగా ఆ కండక్టరమ్మే.

"మల్ల రిటర్నా? ఏంది, పరీక్షల ఫెయిలైనయా?"

"అవి కాదక్కా, నేను ఫెయిలైన."

ఆమె ఈసారి నవ్వలేదు. "కిటికి కాడ కూసో. వాటికి గాలాడుతది" అంది.

వాటిని వాగులోనే వదిలాను. ప్రాజెక్టు మాత్రం మార్కెట్లో చచ్చిన పరకలు కొని పూర్తిచేశాను. ఇప్పుడు ఒక దవాఖాన ల్యాబులో పనిచేస్తున్నాను, ఎవరి రక్తం తీసినా చెయ్యి వణకదు. కానీ డబ్బాను రెండు చేతులా పట్టుకుని, గుంత వచ్చినప్పుడల్లా "మెల్లగన్నా, మెల్లగ" అని డ్రైవర్‌ను బతిమాలిన ఆ పిల్ల గుర్తొస్తే నవ్వొస్తుంది. కాస్త ముద్దు కూడా వస్తుంది.