సుద్దముక్క కిందికే పడింది

మా సైన్సు మాస్టారు ఇక లేరు. సోమవారం పొద్దున కాలేజీకి బయల్దేరుతుంటే నేను చదివిన హైస్కూలు చప్రాసీ బోయిగూడలో మా ఇంటి ముందు సైకిలు దిగి, "మన సైన్స్ సార్ పోయిండు తమ్మీ, నిద్రలోనే" అన్నాడు. ఇంకా చాలామందికి చెప్పాలంటూ వెంటనే వెళ్లిపోయాడు. ఈమధ్య నాకు మాటల మీద కొత్తగా ప్రేమ పుట్టింది. చదివిన మంచి మాటనల్లా లోపల తిప్పుకుంటూ తిరుగుతుంటాను. ఆ పొద్దున ఒక్క మాటా పనికి రాలేదు.

ఆయన పాఠం మొదలుపెట్టే తీరు మా స్కూల్లో అందరికీ తెలుసు. సుద్దముక్క పట్టుకుని చెయ్యి చాపేవారు.

"వదుల్తే ఏమైతది?"

"పడుతుంది సార్!"

"ఎట్ల తెలుసు?"

"ఎప్పుడూ పడుతుంది కదా సార్."

"నిన్న పడ్డది, మొన్న పడ్డది. రేపటి సంగతి నీకెవరు చెప్పిన్రు, మీ మామనా?"

మేం నవ్వుతుండగానే వదిలేసేవారు. ముక్క నేల మీద విరిగేది. పడ్డ ముక్కను ఆయన ప్రతిసారీ కొంచెం ఆశ్చర్యంగా చూసేవారు. అది నటన అనుకునేవాణ్ణి. కాదని తర్వాత తెలిసింది.

ఏ సూత్రం అప్పజెప్పినా చివర 'ఇంతవరకు' అని చేర్చాలన్నది ఆయన నియమం. పాఠం ఇంగ్లీషులో నడిచినా ఆ ఒక్క మాట తెలుగులోనే. వేడి చేస్తే ఇనుము సాగుతుంది, ఇంతవరకు. మంచు నీటి మీద తేలుతుంది, ఇంతవరకు. మనం చూసింది జరిగినవాటినే, 'ఎల్లప్పుడూ' అనేదాన్ని ఎవరూ కళ్లతో చూడలేదు అనేవారు. సూత్రమనేది ప్రకృతిలో నిజంగా ఉందా, లేక మన అలవాటుకు మనం పెట్టుకున్న పేరా? ఆ ప్రశ్న వేసి జవాబు చెప్పకుండా, గంట కొట్టగానే వెళ్లిపోయేవారు. నాకు ఇంటికి వెళ్లినా అన్నం సహించేది కాదు.

వెనక బెంచీలో ఒకడు ఆటపట్టిద్దామని లేచాడు. "సార్, చచ్చినోడు తిరిగి రాడు. దీనికి సుత ఇంతవరకు పెట్టాల్నా?"

మాస్టారు నవ్వలేదు. "పెట్టాలె. సైన్స్ ఎవ్వరికీ రియాయతీ ఇయ్యదు, చావుకు సుత మినహాయింపు లేదు" అన్నారు.

ఆ తర్వాత కొన్ని నెలలకే, నలభై ఎనిమిది సెప్టెంబరులో, నిజాం మీదికి భారత సైన్యం దిగిన పోలీసు చర్య వచ్చింది. దానికి కాస్త ముందు, రెజిమెంటల్ బజార్‌లో బట్టల దుకాణం నడిపే మాస్టారి తమ్ముడు, పురిటికి వెళ్లిన భార్యను, పసిబిడ్డను తీసుకురావడానికి బీదర్ వైపు అత్తగారి ఊరికి వెళ్లాడు. బేగంపేట మీద విమానాల మోత వినబడింది, స్కూళ్లు మూసేశారు, మళ్లీ తెరిచారు. రైళ్లు యథాప్రకారం నడవసాగాయి. తమ్ముడు మాత్రం రాలేదు.

మాస్టారు రోజూ సాయంత్రం బీదర్ బండి వేళకు స్టేషనుకు వెళ్లేవారు. ప్రశ్నలు అడగొచ్చని నేనూ చాలాసార్లు వెంట వెళ్లేవాణ్ణి. తిరిగొచ్చేసరికి వాళ్లమ్మ గడపలో కూర్చుని ఉండేది. ఆమెను అందరం దాదీ అనేవాళ్లం.

"చిన్నోడు రాలేదా?"

"ఇంతవరకు రాలేదమ్మీ."

క్లాసులో మమ్మల్ని తికమక పెట్టే మాట ఆ గడప దగ్గర ఒక ముసలితల్లికి అన్నం తినే ధైర్యం ఇచ్చేది.

మరుసటి ఏడాది ఒకరోజు నేను లేచి సూత్రం అప్పజెప్పి, అలవాటుగా 'ఇంతవరకు' అన్నాను. మాస్టారు తల ఎత్తకుండానే, "ఆ మాట తీసెయ్. ఇంక ఎవ్వరూ అనొద్దు" అన్నారు. ఆ రోజు సుద్దముక్క కూడా వదల్లేదు.

సాయంత్రం ప్లాట్‌ఫారం మీద, ఎందుకు సార్ అని అడిగాను. పట్టాలకేసి చూస్తూ చెప్పారు.

"తమ్ముని సంగతి తెలిసింది. ఆ ఊరి నుంచి పానాలతోటి బయటపడ్డాయన చెప్పిండు. మరదలు లేదు, పిల్ల సుత లేదు. ఫౌజు వచ్చినంక ఆ ఊర్ల మా ముసల్మానులను ఎవ్వర్నీ ఇడువలేదట. చంపినోళ్లు ఎక్కడి నుంచో రాలేదురా. పక్కింటోళ్లే. తమ్ముని పెండ్లికి పందిరి వేసినోళ్లే. ఎన్నేండ్లు చూసినా మంచోళ్లు. నేనేమో సుద్దముక్క మీద అనుమానపడుకుంట కూసున్న."

నేను బెంచీ మీద ఆయన పక్కకు జరిగాను.

"వాళ్లను చంపిన రోజు సుత సుద్దముక్క కిందికే పడ్డది. నీళ్లు గంతే వేడికి మరిగినయి. పొద్దు జెరంత సుత ఆలస్యం కాలే. ఒక్క సూత్రమన్న తప్పాలె గదరా ఆ రోజు?"

"సూత్రానికి మన సంగతి తెలియదు కదా సార్."

"తెల్వది. గదే నా తక్లీఫ్. రేపు ఎట్లుంటదో ఎవనికీ తెల్వదని పాఠం చెప్పినప్పుడు మస్తు ఖుషీ ఉండె, తలుపు తెరిచి పెట్టినట్టు. తెరిచిన తలుపుల నుంచి చలి సుత వస్తదని యాదికి రాలే."

బండి వచ్చింది. దిగినవాళ్లు మమ్మల్ని దాటుకుని వెళ్లిపోయారు. మాస్టారు లేచి, "అమ్మీకి చెప్పకు" అన్నారు.

ఆ తర్వాత కూడా ఆయన స్టేషనుకు వెళ్లడం మానలేదు. ఎవరూ రారని తెలిసిన బండి కోసం, వానైనా జ్వరమైనా, బెంచీ మీద కూర్చుని వచ్చేవారు. క్లాసులో నిషేధించిన మాటను గడప దగ్గర రోజూ పలికేవారు. ప్రకృతికి మన మీద పట్టింపు లేదని నమ్మిన మనిషి తల్లి కోసం అంత పట్టింపుగా ఎలా ఉండగలిగారో అడగాలనుకున్నాను. ఇక అడగడానికి ఎవరూ లేరు. ఆయన నాకు ఆలోచించడం నేర్పారు, అందుకు ఎంత కృతజ్ఞత చెప్పుకున్నా తీరదు. కానీ ఆ ఆలోచన చివరికి ఎక్కడికీ చేర్చలేదు. ఆయన్నీ చేర్చలేదు, నన్నూ చేర్చలేదు.

ఆ మధ్యాహ్నం ఖబరస్తాన్‌లో అందరూ మాస్టారి సమాధిలో మట్టి వేస్తుంటే నేను పక్కకు నిలబడ్డాను. "నువ్వు సుత వెయ్యి బేటా, సార్‌కు నువ్వంటే పానం" అన్నాడు ఒక పెద్దాయన. గుప్పెడు మట్టి తీసుకుని చెయ్యి చాపాను. వదిలాను. పడింది.

సాయంత్రం మాస్టారి ఇంటికి వెళ్లి దాదీ దగ్గర కూర్చున్నాను. ఆమె ఏడవలేదు, గోడకు ఆనుకుని ఉంది. స్టేషను వైపు నుంచి కూత వినబడగానే తల ఎత్తింది.

"బీదర్ బండి గాదురా తమ్మీ? చిన్నోడు వచ్చిండా? అన్నకు మన్ను ఇచ్చే వేళకు అందలేకపాయె."

చుట్టూ ఉన్న ఆడవాళ్లు నా వైపు చూశారు. నా నోట్లో ఉన్నది ఒక్కటే మాట. అందులో సందేహమూ లేదు, ఆశా లేదు.

"ఇంతవరకు రాలేదు దాదీ."

"అచ్ఛా" అని మళ్లీ గోడకు ఆనుకుంది. "పోయేటప్పుడు తలుపు పెట్టకు బిడ్డా."

పెట్టలేదు, తెరిచే ఉంచాను. వీధి మలుపులో ఆగి వెనక్కి చూశాను. చలిగాలికి ఆ తలుపు రెక్క కొంచెం కదులుతోంది. లోపల దీపం ఒరుగుతోంది, మళ్లీ నిలబడుతోంది.