సిరా అంటని వేళ్ళు

మా నాన్న ఎమ్మెల్యే కాలేదు. కాబోయి ఆగిపోయాడు. ఆ ఎండాకాలం తలుచుకుంటే నాకిప్పటికీ ఒళ్ళు మండుతుంది. ఎవరి మీద మండిపడాలో తెలియక ఇంకా మండుతుంది.

ఎమర్జెన్సీ ఎత్తేశాక మేమున్న ఆ హిందీ రాష్ట్రంలో అసెంబ్లీ ఎన్నికలొచ్చాయి. నాన్న భిలాయిలో ఉక్కు ప్లాంటు కార్మికుడు, అక్కడి తెలుగువాళ్ళందరికీ నాయకుడు. నిలబడతానన్నాడు. ప్లాంటులో ఉంటూ పోటీ చెయ్యకూడదు గనక ఉద్యోగం వదిలేశాడు. ఉద్యోగంతో పాటు సెక్టర్ సిక్స్‌లో మా క్వార్టరూ పోతుంది. ఎన్నికలయ్యేదాకా గడువుంది. గెలిస్తే సరే, ఓడితే రోడ్డు.

"ఓడిపోతే ఏటి సేస్తాం?" అంది అమ్మ.

"ఎందుకోడతానే? క్యాంప్ టూ అంతా మనోళ్ళే గదా!"

ఆ మాట నిజమే, ఆ కార్మికుల బస్తీ నిండా తెలుగువాళ్ళే. శ్రీకాకుళం, విజయనగరం వైపు నుంచి ఎవరు రైలు దిగినా ముందు నాన్న దగ్గరికే వచ్చేవారు. ఆయన పని చూపించేవాడు, అర్జీలు రాసిపెట్టేవాడు, హిందీ రానివాళ్ళ తరఫున ఫోర్‌మన్‌తో గొడవపడేవాడు. పన్లో పనిగా అందరికీ ఒకటే బోధ. "ఒరే, మనం ఇక్కడ ఉండిపోడానికి రానేదు. రిటైరయితే ఎల్లిపోతాం. ఊళ్ళో రేషన్లోంచీ, ఓటులోంచీ పేరు తీయించుకోకండి. పేరు నేకపోతే మనిషే నేడనుకుని అన్నదమ్ములు మీ సెక్క బూమి మింగీస్తారు." తన పేరు మాత్రం యూనియన్ పనుల కోసం ఎప్పుడో ఇక్కడికి మార్చుకున్నాడు. ఊరందరికీ చెప్పింది శుభ్రంగా మరిచిపోయాడు. నాయకులకి అదొక వరం.

వేసవి సెలవులకి తెలుగువాళ్ళంతా పిల్లాజెల్లాతో ఊళ్ళకి వెళ్ళిపోతారు. ఓటేసి వెళ్ళండని ఆ ఏడాది నాన్న ఇంటింటికీ తిరిగి చేతులు పట్టుకున్నాడు. అందరూ ఆగారు. ఒకావిడ సొంత తమ్ముడి పెళ్ళే మానుకుంది. నేనూ అమ్మమ్మగారింటికి వెళ్ళలేక, ఆ వడగాడ్పుల్లో మాడుతూ నాన్నని తిట్టుకున్నాను. కానీ ఆయన నందిని గనుల కాలనీ దాకా సైకిలు తొక్కి, గొంతు పోగొట్టుకుని, కంచం ముందు కూర్చుని ముద్ద దిగక లేచిపోతుంటే భయమేసేది. బెల్టుకి కొత్త చిల్లులు పెట్టుకున్నాడు. "మనోళ్ళున్నారు" అని సైకిలుకి గాలి కొడుతూ కూడా తనలో తనే అనుకునేవాడు.

పోలింగు రోజు పొద్దున్నే క్యాంప్ టూ బడి ముందు మనవాళ్ళు బారులు తీరారు. ఆ పక్క పందిట్లో నేను మంచినీళ్ళు అందిస్తున్నాను. ముందుగా లోపలికెళ్ళిన క్రేన్ ఆపరేటరు వెంటనే బయటికొచ్చేశాడు.

"నా పేరు నేదంతన్నారు బావూ."

నాన్న లోపలికి దూసుకెళ్ళాడు. కుట్ర అని ఆ పోయిన గొంతుతోనే అరిచాడు. లోపలున్న అధికారి విసుక్కోకుండా హిందీలో క్రేన్ ఆపరేటరునే అడిగాడు, ఇంతకుముందు ఓటు ఎక్కడ వేసేవాడివని.

"మా ఊళ్ళోనండి," అన్నాడతను.

నాన్న బయటికొచ్చి వరసలో ఉన్నవాళ్ళని అడుగుతూ నడిచాడు. నీదెక్కడరా? ఊళ్ళోనే బావూ. నీదమ్మా? ఊళ్ళోనే. "తీయించుకోవద్దని నువ్వే గదా సెప్పినావు? నీ మాట ఎప్పుడైనా దాటేమా?" అన్నాడొక ముసలాయన, గర్వంగా. "ఓటేసెళ్ళమన్నావు గదా, ఆ ఏర్పాటూ నువ్వే సేసుంటావనుకున్నాం."

ఒక్కరికీ కోపం లేదు. ఆయన మాట తు.చ. తప్పకుండా విన్నామన్న సంతోషమే అందరి మొహాల్లో. నాన్న సందుసందూ తిరిగాడు, ఇక్కడ ఓటున్న తెలుగువాడు ఎవడైనా దొరుకుతాడేమోనని. చివరికి కొత్తగా వచ్చి, ఎవరి బోధా వినని ఇద్దరు ముగ్గురు కుర్రాళ్ళు దొరికారు. వాళ్ళకి ఇంకా ఓటు వయసే రాలేదు.

సాయంత్రం అలవాటు ప్రకారం అందరూ మా వరండాలో చేరారు. అమ్మ టీ ఇచ్చింది. నాన్న ఎవరి మొహమూ చూడలేదు, గ్లాసులు పట్టుకున్న చేతులు చూశాడు. వేళ్ళన్నీ శుభ్రంగా ఉన్నాయి. చివరి గ్లాసు అమ్మ ఆయనకే అందించింది. పొద్దున్న జరీ చీర కట్టుకుని ఆడవాళ్ళ వరసలో అందరికంటే ముందు నిలబడింది తనే; తననొక్కదాన్నీ ఆయన అడగలేదు.

"నీది కూడా ఊళ్ళోనేటే?" అన్నాడు.

"పెళ్ళయిన కొత్తలో మీరే గదండీ సెప్పేరు," అంది అమ్మ. "మీ మాట దాటతానేటి?"

నాన్న టీ తాగలేదు. గ్లాసు కింద పెట్టి లోపలికెళ్ళి, మంచం కిందనుంచి ట్రంకు పెట్టె లాగి గిన్నెలు సర్దడం మొదలుపెట్టాడు. ఓట్ల లెక్కింపు ఇంకా మొదలే కాలేదు.