నేను అబద్ధాలకోరునని రాసిచ్చిన కాగితం

బంతి రైలెక్కిన కథ ఎంతమందికి చెప్పానో నాకే గుర్తులేదు. ఎనిమిదేళ్ళ కింద, ఎలక్షన్ల నాడు, మా మేనకోడలు ఓటేసి వచ్చి, వేలి మీద సిరా చుక్క ఆరకముందే ఫలక్‌నుమా స్టేషన్ వెనక ఖాళీ జాగాలో బయటి ఊరి ఆడవాళ్ళ జట్టుతో ఫుట్‌బాల్ ఆడింది. ఆమె కొట్టిన దెబ్బకు వల చిరిగింది. బంతి గోడ దాటి, అప్పుడే కదులుతున్న లోకల్ రైలు కిటికీలో దూరి లింగంపల్లి దాకా పోయింది. తిరుగు ట్రిప్పులో గార్డు దాన్ని చంకన పెట్టుకొని దిగి, "టికెట్ లేకుండ ప్రయాణం చేసింది, ఇదెవరిది?" అని అడిగాడు.

ఇందులో నిజాలు రెండే. నాకు మేనకోడలు ఉంది. ఆమె ఫుట్‌బాల్ ఆడుతుంది. ఎనిమిదేళ్ళ కింద ఆ పిల్లకు పదకొండేళ్ళు. మరి సిరా చుక్క ఎందుకంటే, కథలో ఒక చిన్న గుర్తు ఉంటే వినేవాడి అనుమానం అక్కడే ఆగిపోతుంది. అది నా అనుభవం.

లాల్‌దర్వాజాలో, గుడికి పోయే సందులో, నాది పటాలు కట్టే దుకాణం. దేవుళ్ళు, పెళ్ళి ఫోటోలు, పోయినవాళ్ళు అందరూ నా దగ్గరికే వస్తారు. చేతులకు పని ఉంటుంది కానీ నోటికి ఉండదు. దుకాణం పైన రెండు గదుల్లో అక్క, బావ, వాళ్ళ ఒక్కగానొక్క కూతురు ఉంటారు.

ఆ పిల్ల విషయంలో నిజంగా జరిగింది చెప్పాలంటే కథ అంత పెద్దది కాదు. బడిలో ఆడపిల్లల జట్టు లేక మగపిల్లలతో ఆడింది. డిగ్రీ కాలేజీలో చేరాక ఆటల మేడమ్ ఆమెను ఫార్వర్డ్‌గా నిలబెట్టింది. మొదటి ఏడే ఆమె ఎడమకాలి సంగతి పక్క కాలేజీలకు పాకింది. రెండో ఏడు ఆమె ఒక్కదాని మీద ఇద్దరిని కాపలా పెట్టడం మొదలుపెట్టారు. ఇప్పుడు యూనివర్సిటీ జట్టు క్యాంపుకు పిలిచినవాళ్ళలో ఆమె పేరుంది. జట్టులోకి వస్తే పక్క రాష్ట్రానికి పోయి ఆడుతుంది. చాంద్రాయణగుట్ట దాటి అవతలి ఊర్లు ఆ పిల్ల పెద్దగా చూడలేదు.

ఒక మంగళవారం పొద్దున ఒకాయన బండి ఆపి, హెల్మెట్ చంకలో పెట్టుకొని నా దుకాణం ముందు నిలబడ్డాడు. చేతిలో ప్లాస్టిక్ ఫోల్డర్.

"భాయ్, ఫుట్‌బాల్ ఆడే అమ్మాయి ఇల్లు ఇక్కడేనా?"

"ఎందుకు?"

"ఊరికెనే. ఆమె వయసెంత ఉంటది? ఆరోగ్యం గిట్ల మంచిగనే ఉంటదా?"

మా గల్లీలో ఇట్లాంటి ప్రశ్నలు అడిగేవాళ్ళు ఒకే పని మీద వస్తారు. సంబంధం మాట్లాడేముందు అబ్బాయి తరఫువాళ్ళు ఒక మనిషిని పంపుతారు. అతను ఇంట్లో అడగడు, ఇంటి చుట్టుపక్కల అడుగుతాడు. ఇస్త్రీ బండి దగ్గర, కిరాణా కొట్లో, నా దగ్గర. రెండు వారాల కిందే ఫలక్‌నుమా నుంచి మా పెద్దమ్మ వచ్చి, అక్కతో తలుపు దగ్గరగా వేసుకొని గుసగుసలాడి పోయింది. ఆ సాయంత్రమే మేనకోడలు నా చొక్కా చెయ్యి పట్టుకొని గుంజింది.

"మామా, ఎవడన్న నా గురించి అడుగనీకి వస్తే నువ్వే చూస్కోవాలె. ఎట్లనో నేను చెప్పనక్కర లేదు."

అందుకే చూసుకున్నాను.

"వయసా? ఇరవై ఆరు నిండినయ్ భాయ్. బడిల ఏసేటప్పుడు తగ్గించి రాయించినం. ఆరోగ్యం అంటవా, కుడి మోకాల్ల ఇనుప ముక్క ఉన్నది. మబ్బు పడితే చాలు, కుంటుతది."

"మీరు ఆమెకు ఏమైతరు?"

"సొంత మేనమామను. నా కంటె ఎక్కువ ఎవరికి తెలుస్తది?"

ఆయన పెన్ను తీసి రాసుకున్నాడు. పెళ్ళివాళ్ళు రాసుకోరే అని ఒక్క క్షణం అనుమానం వచ్చింది. వాళ్ళు వింటారు, తల ఊపుతారు, చాయ్ తాగి పోతారు. కానీ అప్పటికే నా నోరు జోరు మీదుంది. అడగకపోయినా కుడి చెవి వినపడదని కూడా చెప్పాను.

సాయంత్రం ఆ పిల్ల బూట్లు విప్పకుండానే వచ్చి దుకాణం మెట్టు మీద కూర్చుంది.

"మామా, నా పేరు పక్కకు పెట్టిన్రు."

"ఎవరు?"

"ఆటల ఆఫీసోల్లు. ఇరవై ఐదు దాటితే ఆడనియ్యరు కదా. నాకు ఎక్కువున్నయని ఎవరో ఫిర్యాదు ఇచ్చిన్రు. ఇయ్యాల ఒక సారు గల్లీకొచ్చి ఆరా తీసిండంట. ఇంటి మనిషే ఒప్పుకున్నడంట. ఎల్లుండి పొద్దుగాల దాక రుజువు తేకపోతే నా జాగల ఇంకో పిల్లను తీస్కుంటరు."

నా చేతిలోని సుత్తి మేకు మీద కాకుండా వేలి మీద పడింది.

"పుట్టిన సర్టిఫికెట్ ఉన్నది కదా బిడ్డా?"

ఉంది. కానీ అప్పట్లో పేరు మీద ఇంట్లో లొల్లి తెగక, అందులో పేరు రాయించలేదు. తేదీ, అమ్మానాన్నల పేర్లు, 'ఆడ శిశువు', అంతే. అది ఆమెదేనని ఎలా నమ్మాలని ఆఫీసులో అడిగారట. బడి కాగితాల్లో వయసు తగ్గించి రాయించారని ఇంటి మనిషే చెప్పాడు కాబట్టి అవీ చెల్లవన్నారట.

నా సంగతి పక్కన పెట్టి, ఆ ఫిర్యాదు ఇచ్చినదెవరని గట్టిగా ఆలోచించడం మొదలుపెట్టాను. చాయ్ హోటల్ భాయ్ ఈ మధ్య నన్ను చూసి ఊరికే నవ్వుతున్నాడు. టైలర్ తన చెల్లెలి కూతురూ ఆడుతుందని ఒకసారి అన్నాడు. మా పెద్దమ్మ గుసగుసలు దేని గురించో నేను వినలేదు. ఒక్కొక్కరినీ తిట్టిపోస్తుంటే ఆ పిల్ల నన్నే చూస్తోంది.

"మామా, నువ్వు నా మొకం దిక్కు చూస్తలేవేంది?"

చెప్పేశాను. ఇరవై ఆరు, ఇనుప ముక్క, చెవి.

పైనుంచి విన్న అక్క అరిచింది. "నీ నోరు పడిపోను! పెండ్లి ముచ్చట ఎవడు తెచ్చిండురా? పెద్దమ్మ కండ్ల ఆపరేషన్ చేయించుకోవాలె, భయమైతుందని చెప్పుకోనీకి వచ్చింది!"

ఆ పిల్ల నోట్‌బుక్ నుంచి ఒక పేజీ చింపి మోకాలి మీద పెట్టుకొని రాసింది. నా దగ్గర ఇప్పటికీ ఉంది కాబట్టి ఉన్నదున్నట్టు ఇస్తున్నాను: 'కింద సంతకము చేసిన మేము ఈ గల్లీ నివాసులము. పటాల దుకాణము నడుపు ఈయనను చాలా ఏండ్లుగా ఎరుగుదుము. ఈయన చెప్పు మాటలలో నిజము ఉండదు. మేనకోడలి వయసు గురించి చెప్పినది కూడా అట్టిదే.'

"పదిమంది సంతకాలు కావాలె," అంది. "నువ్వే తిరుగు."

నిజం చెప్పడం అంత కష్టమని నాకు ఆరోజే తెలిసింది. చాయ్ హోటల్ భాయ్ కాగితాన్ని తిరగేసి, వెలుతురుకు పట్టి చూశాడు.

"క్యా భాయ్, ఇదేం కొత్త డ్రామా? దీని వెనుక అసల్ ముచ్చటేందో చెప్పు."

"ఏం లేదు భాయ్. నేను అబద్ధాలు చెప్తనని అందరు ఒప్పుకోవాలె. అంతే."

"నువ్వు చెప్తే ఎట్ల నమ్మాలె?"

గల్లా మీద చెయ్యి పెట్టుకొని కడుపు ఊగేలా నవ్వాడు. అమ్మాయి క్యాంపు సంగతి చెప్పాక నవ్వు ఆపి, ఉర్దూలో పెద్ద సంతకం పెట్టాడు.

టైలర్ పెన్ను పట్టుకొని కూడా ఆగాడు. "పెడ్త గని, ముందుగాల ఇది చెప్పు. మీ తాత నవాబు ఏనుగుకు కండ్లద్దాలు చేసిండన్నది?"

"అబద్ధం."

"ఏంది! పదిహేనేండ్ల సంది మా అత్తగారింట్ల చెప్పుకుంటున్న కదనే!" సంతకం కాగితం చిరిగేంత గట్టిగా పెట్టాడు.

తొమ్మిది అయ్యాయి. పదోది గుడి దగ్గర పూలమ్మే అవ్వ. ఆమె ససేమిరా అంది.

"నేను పెట్ట. బంతి రైలెక్కింది నిజమే కదా కొడుకా. గప్పుడు నేను టేషన్లనే ఉన్న. నా కండ్లతోని చూసిన."

"అవ్వా, అది నేను అల్లిన కథ."

"నువ్వు మర్చిపోయినవ్. గార్డు తెల్లంగి ఏసుకొని ఉండె."

గార్డు అంగీ గురించి నేనెప్పుడూ చెప్పలేదు. ఆమె మొహంలో ఇసుమంత నవ్వు కూడా లేదు. ఈవిడ దగ్గరికి ఆ ఫోల్డర్ మనిషి గానీ వస్తే అయిపోయినట్టే అనుకొని, అక్కడి నుంచి మెల్లగా తప్పుకున్నాను. పదో సంతకం అక్క పెట్టింది, సంతోషంగా.

గడువునాటి పొద్దున ఆటల ఆఫీసుకు పోయాం. ఫోల్డర్ ఆయన నన్ను గుర్తుపట్టి కుర్చీ కొద్దిగా వెనక్కి జరుపుకున్నాడు. పెద్దసారు కాగితం చదివి, ఆమెను చూసి, నన్ను చూశాడు.

"మోకాల్ల ఇనుప ముక్క?"

ఆ పిల్ల అక్కడే కుడికాలి మీద కిందికి కూర్చుని లేచింది. ఐదుసార్లు. పెద్దసారు ఆపమన్నాడు.

"సార్, ఫిర్యాదు ఇచ్చినోడెవడో చెప్పుండ్రి," అన్నాను ధైర్యం చేసి. "వాని కుట్ర ఏందో నేను తేలుస్త."

"పేరు చెప్పను. మాటలు వినండి." ఆయన ఒక కాగితం తీసి చదివాడు. "'ఈమె ఎనిమిది సంవత్సరముల క్రితము ఎలక్షన్ల నాడు ఓటు వేసి, వేలి సిరాతోనే పెద్దల జట్టుపై ఆడినది. అనగా అప్పటికే పద్దెనిమిది నిండినవి. ఈ విషయము గ్రౌండు గోడ వద్ద పల్లీలు తినుచు ఆమె మేనమామ స్వయముగా నాతో చెప్పినాడు.'"

పల్లీలు నావే. ఆ రోజు ఆయనకు సగం పొట్లం ఇచ్చాను. అక్కడే ఆడుతున్న ఎవరో పిల్ల తండ్రి, మంచి శ్రోత. ఎంత మంచి శ్రోతంటే, రైలును, గార్డును వదిలేసి సిరా చుక్కను మాత్రం పట్టుకుపోయాడు.

మేనకోడలు నెమ్మదిగా నా వైపు తిరిగింది. మూడు రోజులుగా గల్లీలో ఒక్కరినీ వదలకుండా అనుమానించాను. ఒక్క మనిషి మాత్రం నా లిస్టులో లేడు.

"ఫిర్యాదుల మీ మాటనే. విచారణల మీ మాటనే," అన్నాడు పెద్దసారు. "ఇంక వేరే సాక్ష్యం ఏం లేదు. గల్లీ మొత్తం మీ మాట చెల్లదంటున్నది. మీరేమంటరు?"

"చెల్లదు సార్."

"అమ్మాయి వయసు?"

"పంతొమ్మిది. ఆస్పత్రి వరండాల నేనే ఎత్తుకున్న."

ఆయన పేరు లేని ఆ పుట్టిన సర్టిఫికెట్‌లోని తేదీ చూసుకున్నాడు. తర్వాత ఫిర్యాదు మీద అడ్డంగా గీత కొట్టి, ఆమెను క్యాంపుకు పొమ్మన్నాడు. "మీరు మాత్రం గ్రౌండుల ఎవరితోని మాట్లాడొద్దు," అన్నాడు నాతో.

మాట్లాడలేదు. క్యాంపు ఆఖరి రోజు జట్టును ఎంచే మ్యాచ్ ఆడుతుంటే గోడ చివర ఒక్కణ్ణే నిలబడ్డాను. ఒకాయన వచ్చి, ఆ ఎడమకాలి అమ్మాయి ఎవరి పిల్ల అని అడిగాడు. "తెల్వదు భాయ్," అన్నాను. పల్లీలు జేబులోంచి తీయలేదు.

అప్పుడే జరిగింది. ఆ పిల్ల ఇద్దరిని తప్పించుకొని పోయి ఎడమకాలితో కొట్టింది. కాలి బూటు ఊడి, బంతితో పాటే లేచింది. బంతి ఒక మూలకు, బూటు ఇంకో మూలకు. గోల్‌కీపర్ ఎగిరి దూకి, రెండు చేతులా బూటును గుండెకు హత్తుకొని పట్టుకుంది. బంతి వలలో పడింది. ఈ రెండు కళ్ళతో చూశాను.

జట్టులో ఆమె పేరు వచ్చింది. రైలెక్కేముందు ఆ సంతకాల కాగితం జిరాక్స్ నా బల్ల మీద పెట్టి, "మంచి ఫ్రేమ్ కట్టి, వచ్చినోల్లకు కనవడేటట్టు పెట్టు మామా," అంది. కట్టాను. గల్లా పైన పెట్టాను.

మర్నాడు చాయ్ హోటల్ భాయ్, టైలర్ దుకాణానికి వచ్చారు. బూటు గోల్ సంగతి ఒక్క అక్షరం కలపకుండా చెప్పాను. టైలర్ చెయ్యెత్తి ఫ్రేమును చూపించాడు. భాయ్ కడుపు మళ్ళీ ఊగింది.

"అరే, ఒట్టు! బూటునే పట్టింది!"

పూలబుట్టతో పోతున్న అవ్వ ఆగింది.

"నిజమే," అంది. "నేను గాడనే ఉన్న."

ఆమె ఆ మాట అన్నాక ఇంక నన్ను ఎవరు నమ్ముతారు?