సావుకారు పిలిచిన పేరు

సహోదరులారా, సహోదరీలారా, ప్రభువు నామంలో మీకందరికీ వందనాలు. నేను ఎక్కువ మాట్లాడేదాన్ని కాదు, అందరిలా ఏడుపు కూడా రాదు, జరిగింది జరిగినట్టు చెప్పి కూర్చుంటాను.

మాది దేవదుర్గ తాలూకా జాలహళ్ళి. రాయచూరులో పత్తి మిల్లులో కూలికి ఉండగా మిషనులో పడి నా కుడిచేతి వేళ్ళు నలిగిపోయాయి. జొన్నరొట్టె తట్టలేని ఆడదాన్ని ఎవరు పనిలో పెట్టుకుంటారు చెప్పండి! కేసు నడిచి నడిచి కలబురగి హైకోర్టు దాకా పోయింది, మిల్లు సావుకారు నాకు పరిహారం కట్టాలని తీర్పు వచ్చింది, స్తోత్రం అన్నాను, కానీ గడువు దాటినా రూపాయి అందలేదు! మా వకీలు కోర్టు ధిక్కారం కేసు వేశారు. సావుకారేమో కట్టేశానంటాడు, నేనేమో రాలేదంటాను. కోర్టులో మాటలన్నీ ఇంగ్లీషులోనే సాగేవి. "ఎవరి పేరు మీదనో రశీదు తెచ్చిన్రమ్మా, అది చెల్లది, ఈసారి జైలే" అని వకీలు చెప్పారు.

ఆ దినాల్లో నా ప్రార్థన ఒక్కటే. "ప్రభువా, ఆ సావుకారును జైల్ల వెయ్యి, నేను కండ్లార చూడాలె." ఆకలికంటే ఆ పగే నన్ను ఎక్కువ తినేసింది. సంఘానికి వచ్చేదాన్ని, పాటలు పాడేదాన్ని, మనసులో మాత్రం సావుకారే కూర్చుని ఉండేవాడు.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. బాప్తిస్మానికి ముందు నా పేరు హులిగెమ్మ, అమ్మవారి పేరు. నీళ్ళలోనుంచి ఎస్తేరుగా లేచాను. మన సంఘం సంగతి మీకు తెలుసు, పాత పేరుతో పిలిస్తే పలకం. ఆధారు కార్డులో పేరు మార్పించుకున్నాను, కేసు కూడా ఎస్తేరు పేరు మీదే వేయించాను, కూలి చేతికే తీసుకున్నాను, మిల్లువాళ్ళు పాత పేరున తెరిపించిన బ్యాంకు ఖాతా వైపు మళ్ళీ కన్నెత్తి చూడలేదు. సావుకారు మాత్రం హులిగెమ్మా, హులిగెమ్మా అనే పిలిచేవాడు, ఎంత అరిచినా నేను తల తిప్పేదాన్ని కాదు!

వాయిదా రోజు కోర్టు వరండాలో ఆయన కనిపించాడు. ముసలాయన, కొడుకు భుజం పట్టుకుని నిలబడ్డాడు. నా ప్రార్థన నెరవేరే దినం కదా, సంతోషం రావాలి, రాలేదు. నేను దాటిపోతుంటే వెనకనుంచి పిలిచాడు.

"హులిగెమ్మా! ఇట్ల జూడమ్మా. పైసలు నీ ఖాతాలనే ఏసిన, మిల్లుల తెరిపిచ్చిన ఖాతా లేదూ, దాంట్లనే. మీ ఏసు సామి మీద ఆన, అబద్ధం జెప్తలే!"

నా కాళ్ళు ఆగిపోయాయి. ఇన్నాళ్ళకు ఆ పేరుకు తల తిప్పాను. రశీదు మీదున్న ఆ ఎవరి పేరో నాదేనని అప్పుడు అర్థమైంది. "ప్రభువా, ఇప్పుడేం జెయ్యాలె?" అన్నాను, జవాబు కోసం మాత్రం ఆగలేదు, తెలిసిందే కదా!

"ఇప్పుడు నోరెత్తకు, వాయిదా అడుగుదాం" అన్నారు వకీలు, సంగతి చెబితే. నేను లోపలికి పోయి జడ్జిగారి ముందు నలిగిన చెయ్యే పైకెత్తి, హులిగెమ్మ అంటే నేనే, ఆ ఖాతా నాదే, బ్యాంకులో అడిగి చూడండి అని నాకొచ్చిన కన్నడంలో చెప్పేశాను. అడిగించారు. సొమ్ము అక్కడే ఉంది. కేసు కొట్టేశారు. సావుకారు జైలు తప్పించుకున్నాడని ఊరంతా అన్నారు, కానీ ఆ దినం ఇంటికొచ్చి ఇంత అన్నం తిని హాయిగా నిద్రపోయింది నేను. దేవునికే మహిమ!

ఎవరి మీదనైనా నేను చేసినటువంటి ప్రార్థన చేస్తున్నవాళ్ళు ఇక్కడ ఉంటే, సిగ్గుపడకండి, ఆ పగను అలాగే తెచ్చి ప్రభువు పాదాల దగ్గర పెట్టండి, ఆయనను నమ్మండి, మిగతాది ఆయన చూసుకుంటాడు.

పెద్దలు కోప్పడకపోతే చివరగా ఒక్క మాట. సావుకారు ఇప్పటికీ నన్ను హులిగెమ్మా అనే పిలుస్తాడు. నేను పలుకుతున్నాను.