జురాంగ్ నుంచి సెంగ్‌కాంగ్‌కు, మధ్యలో ఎస్టోనియా నటుడు

శనివారం గదిలో ఉండబుద్ధి కాదు. నా భార్య వసుధ పోయాక సెంగ్‌కాంగ్‌లోని మా ఫ్లాటుకు తాళం వేసి, నగరానికి మరో కొసన ఉన్న జురాంగ్ వెస్ట్‌లో అద్దె గదికి మారాను. ఆ తర్వాత రెండు కంపెనీలు కూడా మారాను. ప్రోగ్రామర్లను పిలిచి ఉద్యోగాలిస్తున్న రోజులవి. సోమవారం ఫ్లాటు అమ్మకానికి సంతకం పెట్టాలి. పెట్టాలో వద్దో తేలక, ఊరికే కూర్చోలేక, ఒక ఎస్టోనియా సినిమాకు బయలుదేరాను.

నా గది దగ్గరి బూన్‌లే స్టేషన్‌లో ఒంటిగంటకు రైలెక్కితే సిటీహాల్‌కు ముప్పావుగంట. థియేటర్ అక్కడికి నడిచేంత దూరంలోనే ఉంది. టికెట్టు ఎనిమిది డాలర్లు. సినిమాలో భార్యను పోగొట్టుకుని పడవలు బాగుచేసుకునే ముసలాయన వేషం వేసిన నటుడే ఆ రోజు ఆట అయ్యాక ప్రేక్షకులతో మాట్లాడటానికి వచ్చాడు. మొదట ఓడలో రేడియో ఆపరేటరట. తర్వాత చాలాకాలం పత్రికా విలేకరి, కొన్నాళ్ళు రేడియోలో పిల్లలకు కథలు చెప్పాడు. యాభై దాటాక సినిమాల్లోకి వచ్చాడు.

"ఇన్ని ఉద్యోగాలా అంకుల్? ఒకచోట కూర్చోలేరా లా?" అని వెనకనుంచి ఒకమ్మాయి, ఇక్కడివాళ్ళు మాట చివర తగిలించే 'లా'తో, అడిగింది. అందరూ నవ్వారు.

"మా అమ్మ కూడా అదే తిట్టేది," అన్నాడాయన.

విలేకరికీ నటుడికీ తేడా ఏమిటని నేను అడిగాను.

"విలేకరిగా చావింటికి వెళ్ళి, నాలుగు ప్రశ్నలడిగి, వార్తకు టైమైందని లేచొచ్చేవాణ్ణి. నటుడయ్యాక అలా కుదరలేదు. షూటింగుకు ముందు వారంపాటు నా పాత్ర ఉండే ఇంట్లోనే ఉంటాను. వండుకుంటాను, అంట్లు తోముకుంటాను. ఆ తర్వాతే కెమెరా పెట్టమంటాను."

వసుధ కర్మలు మా ఊళ్ళో జరిగాయి. తిరిగొచ్చిన రోజే నేను సూట్‌కేసుతో ఫ్లాటు వదిలేశాను.

బయటికొచ్చి జురాంగ్ రైలెక్కలేదు. ధోబీఘాట్‌ స్టేషన్‌లో రైలు మారి సెంగ్‌కాంగ్‌ వెళ్ళాను. వరండాలో పక్కింటి ఫాతిమా ఆంటీ ఎదురుపడింది. హైదరాబాదావిడ.

"అరే బేటా, నువ్వా! గుమ్మం కాడి కుండీల చెట్టు తీస్కపోనీకి వచ్చినవా? రోజూ నేనే నీళ్ళు పోస్తున్న. సగం కరివేపాకు మా ఖట్టీ దాల్‌ల పోయింది, ముందే చెప్తున్న."

"చెట్టు కోసం కాదు ఆంటీ."

"మరి? తిన్నవా?"

"లేదు."

"గ్యాస్ ఉందా లోపల?"

"చూడాలి."

ఉంది. అన్నం వండాను. ఎసరు ఎక్కువైంది. ఇద్దరికి సరిపడా బియ్యం పోశానని తినేటప్పుడు తెలిసింది. మిగిలింది ఆదివారం పొద్దున తిన్నాను, తర్వాత ఏజెంటుకు ఫోన్ చేశాను.

"సంతకం వద్దా? ధర పెరుగుతుందని చూస్తున్నారా లా?"

"కాదు. ఇంట్లో ఉంటున్నాను."

స్థిమితం దొరికిందని చెప్పను. ఆ మధ్యాహ్నమే రెండుసార్లు చెప్పులేసుకుని గుమ్మందాకా వెళ్ళాను. కానీ లేచి వెళ్ళడం నాకు బాగా వచ్చిన పని. ఉండడమే ఇంకా రాలేదు. నేర్చుకునే చోటు అదొక్కటేనని ఇప్పుడు తెలుసు.

మీరు సెంగ్‌కాంగ్‌ వెళ్తే ఒక్క మాట: అక్కడి చిన్న రైలు వలయంలా తిరుగుతుంది. తప్పు వైపు ఎక్కినా కంగారుపడి దిగకండి. కాస్త ఆలస్యంగా మీ స్టేషన్ అదే వస్తుంది.