వరదరాజులు మామకి పెట్టిన అయస్కాంతం

మామ చెయ్యి వెనక్కి వెళ్ళింది, ముందుకి వచ్చింది, ఇనుప గుండు గాలిలోకి లేచింది. అంతవరకూ అంతా సవ్యంగానే ఉంది. ఆ తర్వాతే అది కిందికి దిగే సంగతి మరిచిపోయింది. ఎదురుగా ఇసుకలో ఉన్న చెక్క గోళీని, దాని పక్కన ఒదిగి కూర్చున్న ఎదుటి జట్టు, మురుంగపాక్కం వాళ్ళ గుండుని, చుట్టూ మూగిన జనాన్ని, ఎవరినీ పలకరించకుండా పైనుంచే దాటిపోయి, వెదురు గడకి కట్టిన లౌడ్‌స్పీకర్ గొట్టంలోకి సూటిగా దూరింది. ఆ సమయంలో ఆ గొట్టం తమిళంలో మా మామని పొగుడుతోంది. "ఇందిరా నగర్ సింహం వరదరాజులు..." దాకా వచ్చి, ఖంగుమని ఒక్క మోత మోగి మూగబోయింది. తర్వాత సభకి నమస్కారం పెట్టినట్టు ముందుకి వంగి, గడతో సహా నేలకొరిగింది.

అంతమంది జనంలో ఆ గుండు ఎక్కడికి పోయిందో చూడని మనిషి ఒక్క మామే. విసిరిన మరుక్షణం ఆయన మొహం పక్కకి తిప్పి, అత్త చేతిలోని పళ్ళెంలోంచి మురుకు అందుకుంటున్నాడు.

"పడిందా?" అన్నాడు, నములుతూ.

పడింది. అలా పడేట్టు చేసిన ఘనుణ్ణి నేనే. ఒక పెద్దమనిషినీ, ఒక జట్టునీ, ఒక మైకు సెట్టునీ ఒకే దెబ్బకి ఎలా పడగొట్టవచ్చో తెలుసుకోవాలనుకునేవారు కాస్త స్థిమితంగా కూర్చోండి. నెమ్మదిగా చెప్తాను.

పుదుచ్చేరి నుంచి వెళ్ళిపోతూ ఫ్రెంచివాళ్ళు కొందరికి పింఛను వదిలారు, కొందరికి మాటకి ముందు భుజాలెగరేసే అలవాటు వదిలారు. మా మామకి మాత్రం బూల్ ఆట వదిలారు. ఆట చిన్నది. ఇసుక నేల మీద ఒక చెక్క గోళీ వేస్తారు. రెండు జట్లూ ఇనుప గుండ్లు విసురుతాయి. ఎవరి గుండు గోళీకి దగ్గరగా ఆగితే వాళ్ళకి పాయింటు. ఎదుటివాడి గుండు దగ్గరగా ఉంటే దాన్ని కొట్టి ఎగరగొట్టాలి. చూడ్డానికి పెన్షనర్లు ఉదయం నడకలో ఏదో పారేసుకుని వెతుకుతున్నట్టు ఉంటుంది. ఆడేవాళ్ళకి మాత్రం అది కురుక్షేత్రం.

మామ కరెంటాఫీసులో పనిచేసి రిటైరయ్యాడు. మా అమ్మకి అన్న. ఆయన కుడి భుజం కూడా ఆయనతోపాటే రిటైరవ్వాలని చూస్తోందనీ, గుండ్లు గోళీ దాకా వెళ్ళకుండా సగం దారిలోనే కూర్చుంటున్నాయనీ జట్టులో గుసగుసలు మొదలయ్యాయి. జట్టు కెప్టెన్ సుబ్బరాయలు, మా వీధి మొదట్లో పెయింట్ల దుకాణం ఆయన. మురుంగపాక్కం జట్టుతో జరగబోయే ఫైనల్‌కి మామని పక్కనపెట్టి ఇంకొకణ్ణి తీసుకుంటాడన్న వార్త అత్త చెవిన పడింది. అత్త వణికిపోయింది. మామ పరువు పోతుందని కాదు.

"జట్టులోంచి తీసేస్తే మీ మామ పగలంతా ఇంట్లోనే ఉంటాడు గోపీ," అంది నాతో. "పప్పులో ఉప్పు ఎంత వెయ్యాలో నాకు నేర్పిస్తాడు. నేను బతకలేను."

సరిగ్గా అప్పుడే వానలు పట్టుకున్నాయి. మైదానంలో గుండు వేస్తే కప్ప తప్ప ఏదీ పైకి రావడం లేదు. ప్రాక్టీసు లేదు. మామ కిటికీ దగ్గర కూర్చుని ఆకాశాన్ని లంచం అడిగే గుమాస్తాని చూసినట్టు చూస్తున్నాడు.

ఇక నేను. అప్పుడే ఒక తెలుగు దినపత్రికలో విలేకరిగా చేరి, మొదటి జీతాలతో ఒక సెకండ్‌హ్యాండ్ కంప్యూటర్ కొని, మామ వాళ్ళ మేడ మీద గదిలో పెట్టుకున్నాను. కంప్యూటర్ గురించి నాకు తెలిసింది ఆవగింజంత. తెలుసనుకున్నది గుమ్మడికాయంత.

ఒక వాన మధ్యాహ్నం మామ మేడ మీదికి వచ్చాడు. "ఏందిరా అది, పొద్దస్తమానం కీచుకీచుమంటాది?"

"ఎమ్యులేటర్ మామా."

"అంటే?"

"జపానోళ్ళ ఆట పెట్టె ఉంటాది గదా, టీవీకి తగిలించేది. అది కొనకుండానే, ఈ కంప్యూటరే ఆ పెట్టె అని ఆటని నమ్మించే ప్రోగ్రాం."

"దొంగ సర్టిఫికెట్టా?"

"వేషం మామా, వేషం. ఇంకో సంగతి చెప్తా విను. ఆటని మనకి కావలసినట్టు మార్చుకోవచ్చు. బయటోళ్ళు మార్పులు చేసి ఇంటర్నెట్‌లో పెడతారు. వాటిని మాడ్ అంటారు. అది తెచ్చి లోపల పెడితే అంగీలు మారతాయి, నేల మారతాది, అంతా మారతాది."

మామ కాసేపు ఆలోచించాడు. "అయితే అందులో బూల్ పెట్టగలవా?"

బుద్ధి ఉన్నవాడు లేదంటాడు. నేను "అదెంత పని మామా" అన్నాను.

నా దగ్గర పచ్చిక మీద రంగు బంతులు దొర్లించే జపాన్ ఆట ఒకటి ఉంది. దాన్ని అచ్చంగా బూల్‌గా మార్చే మాడ్ ఎవరో ఫ్రాన్సులో మహానుభావుడు చేసిపెట్టాడని బ్రౌజింగ్ సెంటర్లో కనిపెట్టాను. పెన్‌డ్రైవ్‌లో ఎక్కించుకుని వానలో పరుగెత్తుకొచ్చాను. దాంతోపాటు ఎలా పెట్టాలో చెప్పే కాగితమంత సూచనలు కూడా వచ్చాయి. మొదటి వాక్యం చదివి మూసేశాను. పత్రికలో చేరిన కొత్తలో అబ్బే మొదటి విద్య అది.

మొదటిసారి పెట్టినప్పుడు గుండ్లు కనబడ్డాయి, నేల కనబడలేదు. ఇనుప గుండ్లు ఆకాశంలో వేలాడుతూ గ్రహాల్లా తిరుగుతున్నాయి. రెండోసారి నేల వచ్చింది, ఆడే మనుషులకి మెడ పైన ఏమీ లేదు.

"తలకాయలు యాడ పోయినాయిరా?"

"వస్తాయి మామా, కొంచెం పొరుమైగా, ఓపిగ్గా ఉండు."

"నేను ఉంటా. వాళ్ళు ఎట్లా ఉండేది, తలకాయ లేకుండా?"

చివరికి ఎలాగో అన్నీ వచ్చాయి. ఎర్రటి ఇసుక, మెరిసే గుండ్లు, చెక్క గోళీ. మామ కంట్రోలర్‌ని వేడివేడి ఇడ్లీ పళ్ళెం పట్టుకున్నట్టు పట్టుకుని కూర్చున్నాడు. ఎదుటి ఆటగాడు కంప్యూటరే. అన్నిటికన్నా తేలిక స్థాయి పెట్టాను. తెర మీదికి టోపీ పెట్టుకున్న ఒక చిన్నపిల్ల వచ్చింది.

ఆ పిల్ల మామని చితకబాదింది. మామ ఇంకోసారి ఆడాడు, ఇంకోసారి ఓడాడు. ప్రతిసారీ గుండు సగం దారిలో ఆగేది. అచ్చం బయట ఆగినట్టే. ప్రతి గెలుపుకీ ఆ పిల్ల ఎగిరి గంతేసి చప్పట్లు కొట్టేది.

"గోపీ," అన్నాడు మామ, తల దించుకుని. "టోపీ పిల్ల చేతిలో ఓడిపోతినని యాడా చెప్పబాకు."

ఆ తర్వాత ఆయన మాట తగ్గించాడు. కాఫీ చల్లారిపోయినా కోప్పడలేదు. అత్త నన్ను వంటింట్లోకి పిలిచింది. "మనిషి ఉప్పు ఎక్కువైందని కూడా అనడం లేదురా. నాకు భయంగా ఉండాది. ఆ పిల్లని ఓడించే మందు ఏమన్నా ఉంటే పెట్టు."

మందు ఉంది. అదే చోట ఇంకో మాడ్ చూశాను. అది పెడితే చెక్క గోళీ అయస్కాంతంలా తయారై, మనం విసిరిన గుండుని తన దగ్గరికి లాక్కుంటుంది. తెచ్చాను, పెట్టాను, మామని పిలిచాను. "మిషన్లో చిన్న తప్పు ఉండింది మామా. సరిచేసినా. ఇప్పుడు ఆడు."

మామ విసిరాడు. గుండు దొర్లుకుంటూ వెళ్ళి గోళీ పక్కన ఆగింది. ఇంకోటి విసిరాడు. అదీ ఆగింది. టోపీ పిల్ల ఆ రోజు మొదటిసారి ఏడ్చింది.

"చూస్తివా!" అన్నాడు మామ. "తప్పు మిషన్‌ది! నేను అప్పుడే అనుకుంటి!"

మరునాటి నుంచి మామ మనిషి మారిపోయాడు. ముందు కుర్చీ అంచున కూర్చుని ఆడేవాడు, తర్వాత వెనక్కి వాలాడు, తర్వాత ఒంటి చేత్తో ఆడాడు. చివరికి బటన్ నొక్కి, గుండు ఎటు పోతోందో చూడకుండా పక్కకి తిరిగి అత్త తెచ్చిన మురుకు అందుకునే స్థాయికి చేరాడు. "చూడకూడదురా," అని నాకు పాఠం చెప్పాడు. "చూస్తే చెయ్యి భయపడతాది. ఇడిచిపెట్టినాక గుండుకి దాని దారి తెలుసు."

ఈ కొత్త సిద్ధాంతం వీధిలో పాకి సుబ్బరాయలు చెవికి చేరింది. ఆయన గొడుగు వేసుకుని మేడెక్కి వచ్చి, చేతులు కట్టుకుని వెనక నిలబడ్డాడు. మామ టోపీ పిల్లని ఓడించాడు. దాని తర్వాత వచ్చే మీసాల ముసలాయన్నీ, కళ్ళజోడు పోలీసునీ మట్టి కరిపించాడు. అంతా మురుకు నములుతూనే.

"అన్నా," అన్నాడు సుబ్బరాయలు. "నిన్ను తీసేద్దామనుకుంటి. క్షమించు. ఫైనల్లో కొట్టే గుండు నీదే. ఆఖరి గుండు నీదే."

"ఇది కంప్యూటర్ ఆట గదా అన్నా..." అన్నాను నేను. అంతకు మించి నిజం నా నోటినుంచి రాలేదు.

"జపానోడు చేసింది!" అన్నాడు సుబ్బరాయలు. "జపానోడు అబద్ధం చెప్తాడా?"

నేను మళ్ళీ నోరు తెరిచాను. అత్త అందులో ఒక వడ పెట్టింది. ఆమె చూపులో 'పగలంతా ఇంట్లోనే' అన్న మాట స్పష్టంగా కనబడింది. వడ మింగాను. దాంతోపాటు సత్యాన్నీ మింగాను.

వానలు తగ్గాయి. మైదానం ఆరింది. ఫైనల్ వచ్చింది. ఆట ఆఖరి పాయింటు దాకా సమంగా నడిచింది. మురుంగపాక్కం గుండు గోళీని ఆనుకుని కూర్చుంది. దాన్ని ఎగరగొడితే మేం గెలుస్తాం. మామ గీత దగ్గరికి రాజులా నడిచొచ్చాడు. ఆ తర్వాతది మీకు తెలుసు.

మురుంగపాక్కం వాళ్ళు ఎగిరి గంతులేశారు. మైకు సెట్టు ఆయన తన గొట్టాన్ని తప్పిపోయి దొరికిన బిడ్డలా ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. సుబ్బరాయలు మామ పక్కకి వచ్చి నిలబడ్డాడు. తర్వాత మెల్లగా అన్నాడు.

"చాలన్నా. వచ్చేసారి నువ్వు కుర్చీలో కూర్చొని చూడు."

మామ మొహం చూశాను. వాన మధ్యాహ్నం కిటికీ దగ్గర కూర్చున్న మొహం అది. నవ్వులాటగా మొదలైంది నవ్వులాటగా లేకుండా పోయింది. నేను ముందుకి దూకాను.

"మామ తప్పు లేదన్నా! అంతా నేనే చేసినా. అయస్కాంతం పెట్టినా!"

"అయస్కాంతమా?" సుబ్బరాయలు చటుక్కున ఇసుక వైపు చూశాడు. "యాడ? గుండులోనా?"

"గేములో అన్నా. మామ ఎట్లా వేసినా గోళీ దగ్గరికే పోయేట్టు ఒక ఫైలు పెట్టినా. అది నమ్మి, పాపం, చూడకుండా ఇసిరేది అలవాటు చేసుకున్నాడు."

అందరూ నావైపు తిరిగారు. మామ కూడా తిరిగాడు. ఆయన కళ్ళలో కోపం ఉంటుందనుకున్నాను. ఉన్నది ఊరట. చెట్టు కిందికి చేరినవాడి ఊరట.

"ఒరేయ్ పాపాత్ముడా," అన్నాడు ఎంతో హాయిగా. "నా చెయ్యి పాడుచేస్తివి గదరా!"

సుబ్బరాయలు అక్కడికక్కడే తీర్పు చెప్పాడు. "మోసపోయినోణ్ణి తీసేస్తే మనకి మర్యాద కాదు. అన్న జట్టులోనే ఉంటాడు. ఈ గోపీగాడు మాత్రం గ్రౌండు ఛాయలకి రాకూడదు."

మామ జట్టులో మిగిలాడు. అత్త బతికింది. ఆ తర్వాత ప్రతి పెళ్ళిలో, ప్రతి పుట్టినరోజులో మామ నన్ను వేలుపెట్టి చూపించి, "నా చెయ్యి నల్లా ఉండాది, బాగానే ఉండాది. మా చెల్లెలు కొడుకు కంప్యూటర్ పెట్టి ముంచేసినాడు," అని కథ మొదలుపెట్టేవాడు. వేసిన గుండు సగం దారిలో ఆగినప్పుడల్లా, "ఇంకా ఆ ఫైలు ఒంట్లో ఉండాది," అనేవాడు. అందరూ జాలిపడేవాళ్ళు. ఇదంతా ఇంత ధైర్యంగా ఎలా రాస్తున్నానని మీరు అడగవచ్చు. మా ఇళ్ళలో తెలుగు మాట్లాడతారు కానీ చదవడం రాదు. నాకూ ఉద్యోగం కోసమే వచ్చింది. పత్రిక మామ చేతికి వెళ్ళినా, నా ఫోటో ఉందో లేదో చూసి మడిచేస్తాడు.

అసలు సంగతి ఇంకా చెప్పలేదు.

కొంతకాలానికి ఆ కంప్యూటర్ వదిలించుకోవాలని అందులోని ఫైళ్ళు ఖాళీ చేస్తున్నాను. ఆ జపాన్ ఆట రెండు చోట్ల కనబడింది. అయస్కాంతం పెట్టేముందు, ఏదైనా చెడితే ఉంటుందని ఒక నకలు తీశాను. హడావిడిలో అయస్కాంతాన్ని ఆ నకలులో పెట్టాను. ఎమ్యులేటర్ మాత్రం మొదటినుంచీ అసలు ఫైలునే ఆడిస్తోంది. అనుమానంతో ఆ నకలుని మొదటిసారి తెరిచి ఒక గుండు విసిరాను. వెనక్కి విసిరినా అది గిర్రున తిరిగి, తల్లిని చూసిన దూడలా గోళీ మీదికి ఉరికింది. ఇలాంటిది మామ ఆటలో ఒక్కసారీ జరగలేదు. అంటే ఆయనకి నేను పెట్టిన అయస్కాంతం ఆయన ఆటలో ఎన్నడూ లేదు.

నేను నిర్దోషిని. ఆ మాట చెప్తే మామ చోటు పోతుంది, అత్త పప్పు పోతుంది. కనుక దోషిగానే ఉండిపోయాను.

అందుచేత పాఠక మహాశయుల సమక్షంలో, కుడి చెయ్యి కీబోర్డు మీద ఉంచి ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట ఎవరి ఆటలోనూ ఏ మాడూ పెట్టను. ఒకవేళ పెట్టినా, అది అసలు లోపల పడిందో లేదో చూసుకున్నాకే నేరం ఒప్పుకుంటాను.

ఒక్కటి మాత్రం ఇప్పటికీ తేలలేదు. అయస్కాంతమే లేని ఆటలో, కళ్ళు పక్కకి తిప్పి, అన్ని రోజులు అన్ని గుండ్లని గోళీ పక్కన ఆపింది ఎవరు? ఫైనల్ తర్వాత మామ మళ్ళీ కంట్రోలర్ ముట్టుకోలేదు.